ఖాళీ, పూర్తి

ఆ భవనం కింది అంతస్తులో దాచిన పాత కచేరీల వీడియో క్యాసెట్లలో పెద్దావిడది ఏది పెట్టి చూసినా టేపులావిడకు తన పిన్ని మోచేయి కనిపించేది. మోచేయి మాత్రమే. తెర నిండా పేరుమోసిన గాయని పెద్దావిడే ఉండేది: పెద్దావిడ కనుబొమలు, పెద్దావిడ ఉంగరాలు, పై స్థాయి అందుకున్నప్పుడు పెద్దావిడ ఎత్తిపట్టే చేయి. ఎడమ అంచున నీలం జాకెట్టు తొడుక్కున్న మోచేయి ఒకటి కాస్త లోపలికి పొడుచుకొచ్చి ఉండేది. పెద్దావిడ ఊపిరి తీసుకునే చోటల్లా పాట తెగకుండా పట్టుకున్న గొంతు ఆ మోచేతి మనిషిది. ఆ సంగతి వినేవాళ్ళకు తెలియదు. తెలియకుండా పాడడానికే పిన్నిని పెట్టుకున్నారు.

టేపులావిడ అన్నది ఆఫీసువాళ్ళు పెట్టిన పేరు. అసలు పేరుతో పిలిచే తీరిక పై అంతస్తులో ఎవరికీ లేదు. కింది అంతస్తులో ఆమె తప్ప పిలవడానికి మనిషే లేడు. పైన ఒకప్పుడు పెద్ద కచేరీ హాలు ఉండేది. కుర్చీలు పీకేసి, చెక్క గోడలు నిలబెట్టి, దాన్ని ఆఫీసు గదులుగా కోసేశారు. పాటలన్నీ కిందికి దిగాయి. కింద గోడలకు చెమ్మ, బీరువాలకు తుప్పు, టేపులకు బూజు. ముక్కుకు గుడ్డ కట్టుకుని, ఒక్కో క్యాసెట్టు విప్పి, స్పిరిట్ తడిపిన మెత్తటి బట్టతో టేపు పొడుగునా బూజు తుడిచి, మిషన్లో పెట్టి, బొమ్మనీ పాటనీ కంప్యూటర్లోకి ఎక్కించడం ఆమె పని. ఏళ్ళ తరబడి అదే పని. చచ్చిపోయినవాళ్ళకు స్నానాలు చేయించే ఉద్యోగం అని ఇంట్లో అనేది. ఆ మాటకు పిన్ని భుజాలు కదిలేలా నవ్వేది.

చప్పుడు లేని నవ్వు. పిన్నికి గొంతులో పుండు లేస్తే డాక్టర్లు గొంతుపెట్టెనే తీసేసి, మెడ కింద చిన్న రంధ్రం పెట్టి పంపారు. ఇంత పాటా పాడిన మనిషి ఆనాటి నుంచీ గాలి మాత్రమే వదిలింది. ఏదైనా చెప్పాలంటే టేపులావిడ అరచెయ్యి లాక్కుని అందులో వేలితో రాసేది. చిన్నప్పుడే తల్లి పోతే ఆ పిల్లను ఎత్తుకొచ్చి పెంచింది ఈ పిన్నే కాబట్టి ఆ అరచేతి మీద ఆవిడకు పూర్తి హక్కు ఉంది. ఉప్పు తక్కువైందనీ అందులోనే, పక్కింటావిడ ఉత్త వాగుడుకాయనీ అందులోనే. "మొద్దు" అన్న మాటయితే ఆ చేతికి ఎంత అలవాటంటే, మొదటి అక్షరం పడగానే టేపులావిడ చెయ్యి వెనక్కి లాక్కునేది.

ఈమధ్య పుండు తిరగబెట్టింది. డాక్టరు కాగితాలు మూసి, ఇంట్లోనే ఉంచుకోండి, ఆవిడ ఏది అడిగితే అది పెట్టండి అన్నాడు. ఆ మాటకు అర్థం ఏమిటో ఇద్దరికీ తెలుసు. బస్సులో ఇద్దరూ కిటికీలోంచే చూస్తూ వచ్చారు.

ఇంటికొచ్చాక పిన్ని అడిగింది ఒక్కటే. అరచేతిలో మెల్లగా, తప్పు లేకుండా రాసింది. "నా పాట వినాలి."

ఆ పాట కథ ఇంట్లో అందరూ ఎరిగినదే, ఎవరూ నమ్మనిదే. ఒకసారి పెద్ద కచేరీకి ముందురోజు రిహార్సలు. లైట్లు చూసుకోవాలి, మైకులు చూసుకోవాలి, కెమెరా ఎక్కడ పెట్టాలో చూసుకోవాలి. పెద్దావిడకు ఎవరిమీదో అలకొచ్చి రాలేదు. కెమెరామన్ విసుగెత్తి, "అమ్మాయ్, నువ్వే వచ్చి మధ్యలో కూర్చో, ఏదో ఒకటి పాడు" అన్నాడట. పిన్ని మధ్యలో కూర్చుని ఏదో ఒకటి పాడలేదు. కచేరీ మొత్తం పాడేసింది. వినడానికి హాల్లో పిట్ట కూడా లేదు. "మా చెల్లెలు కుర్చీలకు కచేరీ చేసింది, కుర్చీలు లేచి నిలబడి మెచ్చుకున్నాయి" అని మేనమామ పెళ్ళిళ్ళలో చెప్పి నవ్వించేవాడు. పిన్ని కూడా నవ్వేది. నవ్వి, చివర్లో ఎప్పుడూ ఒక మాట చేర్చేది: "కెమెరా తిరుగుతూనే ఉంది అన్నయ్యా."

కెమెరా తిరిగితే టేపు ఉండాలి. టేపు ఉంటే ఈ భవనంలోనే ఉండాలి. "నేను వెతికి తెస్తాగా పిన్నీ, ఎక్కడికి పోతుంది" అని టేపులావిడ మాటిచ్చింది. మాటివ్వడానికి ఆమెకు ధైర్యం ఎక్కడిదంటే, ఆ బీరువాలు ఆమెకు తెలిసినట్టు వాటిని చేసినవాడికి కూడా తెలియవు.

బీరువా తరవాత బీరువా దింపింది. పేరు లేని క్యాసెట్టు ప్రతిదీ తుడిచి, పెట్టి చూసింది. వేరేవాళ్ళవి పక్కన పెడితే, ప్రతి దాంట్లోనూ పెద్దావిడ ఉంది, ప్రతి దాంట్లోనూ మోచేయి ఉంది. సాయంత్రం ఇంటికెళ్ళగానే పిన్ని కళ్ళు ముందు ఆమె సంచి మీద పడేవి, తరవాత ముఖం మీద. "ఇంకా చూడాల్సినవి ఉన్నాయి" అని నీళ్ళు నమిలేది. పిన్ని తల ఊపి గోడవైపు తిరిగేది. గొంతు ఉన్న మనిషయితే సణుగుడైనా వినిపించేది.

ఆ వెతుకులాట నడుస్తుండగా పైనుంచి ఆఫీసరు దిగి వచ్చాడు. ఆయన దిగిరావడమే ఒక వింత. చెమ్మ వాసన పడదని ఫోన్లోనే అన్నీ కానిచ్చేవాడు. పెద్దావిడ ఆఖరి కచేరీ టేపు కావాలి, సంస్మరణ సభలో వేయాలి, పెద్దలొస్తున్నారు అన్నాడు. ఆ క్యాసెట్టు తీసి చూస్తే పెంకు పగిలి నోరు తెరుచుకుని ఉంది. ఎవడో మహానుభావుడు వేడి పైపు పక్కన పెట్టాడు. లోపలి చక్రాలు కూడా వంకర తిరిగాయి. టేపు మాత్రం బతికే ఉంది.

"అవుతుందా?" అన్నాడు ఆఫీసరు, చేతిరుమాలు ముక్కు దగ్గర్నుంచి తీయకుండా.

"అవుతుందండీ. వేరే దాని పెంకులోకి మార్చాలి."

అదంతా ఆమెకు చేతికొచ్చిన పని. ఇలాంటి అవసరానికే గోడ పక్క బీరువాలో ఖాళీ క్యాసెట్లు పేర్చిపెట్టుకుంది. డబ్బా వీపు మీద ఎర్ర సిరాతో "ఖాళీ" అని రాసి ఉండేది. పాతకాలం ఉద్యోగి ఎవరో ఏ పాటా ఎక్కించని క్యాసెట్లను పద్ధతిగా వేరుగా పెట్టి పుణ్యం కట్టుకున్నాడని ఆమె అనుకునేది. వాటిని మిషన్లో పెట్టి చూసే ప్రసక్తే లేదు. బతికున్న మిషన్ ఒక్కటే. దాని తోబుట్టువులన్నీ పక్క గదిలో పొట్టలు విప్పి పడి ఉన్నాయి. ఆ ఒక్కదానిలో టేపును చదివే హెడ్డు కూడా అరిగిపోతోంది. అరిగితే కొత్తది ఎక్కడా దొరకదు. ఆ హెడ్డును ఖాళీ టేపు మీద అరగదీసేవాడు ఎవడైనా ఉంటే ఆమె వాడి చెయ్యి విరిచేది.

ఆ వేళ చేతికొచ్చిన డబ్బా మీద "ఖాళీ" పక్కన ఇంకో మాట ఉంది. "ఖాళీ, పూర్తి." ఆమెకు నవ్వొచ్చింది. ఉత్త ఖాళీ చాలక పూర్తి ఖాళీ కూడానా అనుకుంది. ఎప్పటిలాగే పెంకు విప్పింది. చక్రాలకు టేపు కొసలు పట్టి ఉంచే కొక్కేలను ఆమె ఎన్నడూ కదిలించదు, పాత ప్లాస్టిక్కు వాటిని ముట్టుకుంటే విరుగుతుంది. అందుకని మొదట్లో ఒక బారెడు, చివర్లో ఒక బారెడు ఖాళీ టేపును చక్రాలకే ఉంచేసి, మధ్యదంతా కత్తిరించి బుట్టలో పారేసి, ఆ రెండు కొసల మధ్యా పెద్దావిడ కచేరీని అతికించింది. అతుకు హెడ్డుకు తగలకూడదు కాబట్టి అతుకు దాటేదాకా చేత్తోనే తిప్పి, అక్కణ్ణించి మిషన్ మీద నడిపింది. బొమ్మ అద్దంలా వచ్చింది. ఎడమ అంచున మోచేయి కూడా.

ఆ సాయంత్రం పిన్నికి మంచం మీద దిండ్లు సర్దుతూ ఆ ముచ్చట చెప్పింది. "మా పాతవాళ్ళ తెలివి విన్నావా పిన్నీ? ఖాళీ అని రాసి, దాని పక్కన పూర్తి అని రాశాడు. పూర్తిగా ఖాళీయట! ఎంత ఖాళీయో మనకు అనుమానం రాకుండా."

పిన్ని భుజాలు కదిలాయి. కళ్ళలో నీళ్ళు వచ్చేదాకా నవ్వి, అరచెయ్యి లాక్కుని రాసింది. "నీ బుర్రలాగ."

సంస్మరణ సభ బ్రహ్మాండంగా జరిగిందట. పెద్దలు కళ్ళు తుడుచుకున్నారట. ఆఫీసరు పైకి పిలిచి, "మీరు లేకపోతే చరిత్ర లేదండీ" అన్నాడు. ఆమె అందరిలాగే ఆ మాటకు లోలోపల పొంగింది. అంతటితో ఆగక ఆయన, టేపుల్లో కనిపించే వాద్యగాళ్ళు ఎవరెవరో గుర్తుపట్టడానికి పాత కెమెరామన్ను పిలిపించానని చెప్పాడు. ఆ మాట వినగానే ఆమెకు పిన్ని రిహార్సలు గుర్తొచ్చింది. ఆ కెమెరామనేగా పిన్నిని మధ్యలో కూర్చోబెట్టింది!

కెమెరామన్ మధ్యాహ్నం వేళ, చేతికర్ర తాటించుకుంటూ మెట్లు దిగాడు. మనిషి ఎండిపోయాడు గానీ కళ్ళు ఇంకా దేన్నో చట్రంలో బిగిస్తున్నట్టే చూస్తాయి. ఆమె కుర్చీ తుడిచి వేసింది, టీ తెచ్చిపెట్టింది, ఆగలేక అడిగేసింది.

"బాబాయ్ గారూ, పెద్దావిడ వెనక పాడే అమ్మాయి గుర్తుందా మీకు? నీలం జాకెట్టు..."

"మోచేతి అమ్మాయి కదూ!" ఆయన ముఖం వెలిగింది. "ఎందుకు గుర్తులేదూ. ఆ పిల్ల ముఖం తెర మీద పడ్డానికి వీల్లేదని పెద్దావిడ గట్టి హుకుం. నాకు ఒళ్ళు మండేది. పాడేది ఇద్దరాయె. కనీసం మోచెయ్యయినా ఉండనీ అని కెమెరా కాస్త పక్కకి జరిపేవాణ్ణి."

"ఆవిడ మా పిన్నండీ."

ఆయన టీ కప్పు కింద పెట్టాడు. "ఉందా?"

"ఉంది. ఎన్నాళ్ళో ఉండదు. ఒకరోజు రిహార్సల్లో తనే కచేరీ అంతా పాడిందట. ఆ టేపు కోసం చూస్తున్నాను. బీరువాలన్నీ తిరగేశాను బాబాయ్ గారూ, దొరకలేదు."

"దొరక్కపోవడమేంటమ్మా! రిహార్సలు టేపులన్నీ నేను వేరే బీరువాలో పెట్టించానుగా. గోడ పక్కది. ఎర్ర సిరాతో నేనే రాశాను."

"ఎర్ర సిరాతో ఏమని?"

"ఖాళీ అని." ఆయన ఎంతో మామూలుగా అన్నాడు. "హాలు ఖాళీ అని అర్థం. జనం ఉన్నప్పుడు తీసింది నిండు, జనం లేనప్పుడు తీసింది ఖాళీ. మా కెమెరావాళ్ళ లెక్క అది. ఖాళీ టేపుల్లో ఎవరూ పూర్తిగా పాడరు. ఓ పల్లవి పాడి మైకు చూసుకుని లేచిపోతారు. ఆ పిల్ల ఒక్కతే మొదట్నుంచి చివరిదాకా పాడింది. అందుకే దాని మీద పూర్తి అని కూడా రాశాను. ఖాళీ, పూర్తి. చూడలా నువ్వు?"

ఆమె చేతులు వాటంతట అవి ఒళ్ళో ఒకదాన్నొకటి పట్టుకున్నాయి. ఈ చేతులతోనే విప్పింది, ఈ చేతులతోనే కోసింది. పోగు చేసి బుట్టలో కుక్కేటప్పుడు ఆ టేపు పైకి పొంగుకొస్తుంటే మోకాలితో అదిమింది కూడా. చెత్త బండి ఆ మర్నాడే వచ్చి ఉంటుంది. ఆ తరవాత ఎన్నిసార్లు వచ్చి వెళ్ళిందో.

"ఏమైందమ్మా?" అన్నాడాయన.

చెప్పింది. దాచుకోకుండా చెప్పింది. ఆయన చేతికర్ర పిడి మీదికి తల వంచాడు. "నాదే తప్పు. ఇంకో రెండు మాటలు రాస్తే నా సిరా అరిగిపోయేదా" అని, "ఆ పిల్లకి మాత్రం చెప్పకు" అన్నాడు. మెట్లెక్కేటప్పుడు ఆమె పట్టుకోబోతే చెయ్యి వద్దన్నాడు. ఎవర్నీ గుర్తుపట్టకుండానే వెళ్ళిపోయాడు.

ఆమె వెళ్ళి ఆ బీరువా తెరిచింది. ఖాళీ డబ్బాలు చాలావరకు ఉత్త డబ్బాలే. ఇన్నేళ్ళలో ఎందరి రిహార్సళ్ళను బుట్టలో వేసిందో లెక్క తేలలేదు. వాటి పెంకుల్లో గొప్పవాళ్ళ కచేరీలు చల్లగా ఉన్నాయి. అప్పుడు గుర్తొచ్చింది, బారెడు ముందు, బారెడు వెనక. కొక్కేలు కదిలించకూడదన్న ఆమె చాదస్తం వల్ల ఆ రెండు కొసలూ ఇంకా చక్రాలకే ఉన్నాయి. పెద్దావిడ ఆఖరి కచేరీకి ఇటో ముక్క, అటో ముక్క.

ఆ క్యాసెట్టు తీసి మిషన్లో పెట్టింది. మొదటి కొసను నడిపి, అతుకు రాకముందే ఆపింది. చివరి కొసకు అతుకు దాటేదాకా చేత్తో తిప్పి, నడిపింది. రెండింటినీ కంప్యూటర్లోకి ఎక్కించింది. రెండూ కలిపినా ఒక తుమ్ముకీ ఇంకో తుమ్ముకీ మధ్య అయిపోతాయి. ఇంతకాలం ఎందరెందరివో గంటల కొద్దీ పాటలు బతికించిన గదిలో, బూజు వాసన మధ్య, నోటికి చెంగు అడ్డం పెట్టుకుని ఏడ్చింది.

చెప్పొద్దన్న కెమెరామన్ మాట దారి పొడుగునా ఆమె చెవిలోనే ఉంది. దొరకలేదని చెబితే సరిపోతుంది. పిన్ని తల ఊపి గోడవైపు తిరుగుతుంది, అంతే. కానీ సంచిలో ఆ రెండు ముక్కలు ఉన్నాయి. పిన్ని ముఖం ఉంది వాటిలో. దాన్ని చూపించకుండా పంపేయడానికి ఆమెకు మనసొప్పలేదు.

ఇంట్లో ఇంకా ఎండ ఉంది. పిన్ని దిండ్లకు ఆనుకుని కూర్చుని సంచివైపు చూసింది. ఆ తరవాత ఆమె ముఖంవైపు చూసి, గబగబా చెయ్యి చాపి అరచెయ్యి లాక్కుంది. "తెచ్చావా?"

"తెచ్చాను."

సంచిలోంచి చిన్న కంప్యూటర్ తీసి స్టూలు మీద పెట్టి మొదటి ముక్క వేసింది. వేదిక మధ్యలో నీలం జాకెట్టు అమ్మాయి. మోచేయి కాదు, మొత్తం మనిషి. మైకును కాస్త దగ్గరికి లాక్కుంది. గొంతు సవరించుకుంది. కెమెరా పైనుంచి ఎటో చూస్తూ, నిండు గొంతుతో, కాస్త భయంగా అడిగింది.

"మొదలుపెట్టనా?"

ఊపిరి లోపలికి తీసుకుంది. తెర నల్లబడింది.

పిన్ని కళ్ళార్పకుండా నల్ల తెరను చూస్తూ కూర్చుంది. కంప్యూటర్ ఆగిపోయిందనుకుందేమో, చిటికెనవేలితో దాని అంచు మీద కొట్టింది. తరవాత అరచేతిలో రాసింది. "ఊఁ?"

"ఆ తరవాతది లేదు పిన్నీ." ఆగితే మళ్ళీ చెప్పలేనని ఆమె గుక్క తిప్పుకోకుండా చెప్పేసింది. "ఖాళీ, పూర్తి అని రాసుందని నవ్వుకున్నాం చూడూ, అదే నీ టేపు. హాలు ఖాళీ అని రాశాడాయన. నేను టేపు ఖాళీ అనుకున్నాను. నేనే కోసి పారేశాను. పెద్దావిడ టేపు కోసం. ఇది మొదలు, ఇంకో ముక్క చివరిది ఉంది. మధ్యలోది లేదు."

పిన్ని చెయ్యి ఆమె అరచేతిలోంచి మెల్లగా వెనక్కి వెళ్ళింది. ముఖం గోడవైపు తిరిగింది. టేపులావిడ అరచెయ్యి అలాగే చాపుకుని కూర్చుంది. మొద్దు అని రాసినా బాగుండును, అంతకంటే పెద్ద తిట్టు రాసినా బాగుండును. గొంతు లేని మనిషికి తిట్టడానికైనా ఆ అరచెయ్యే కావాలి. పిన్ని దాన్ని ముట్టుకోలేదు. మెడ కింది రంధ్రంలో గాలి వస్తూ పోతూ ఉంది. వీధిలో ఎవరో సైకిలు బెల్లు కొట్టుకుంటూ పోయారు. కిటికీ ఎండ మంచం మీంచి నేల మీదికి దిగింది.

చాలాసేపటికి పిన్ని ఇటు తిరిగింది. కళ్ళు ఎర్రగా ఉన్నాయి. వేలితో కంప్యూటర్ చూపించింది. మళ్ళీ.

ఆమె మళ్ళీ వేసింది. మైకు, గొంతు సవరింపు, మొదలుపెట్టనా, ఊపిరి, నలుపు. ఆపబోతుంటే పిన్ని అరచెయ్యి ఎత్తి ఉండమంది. దుప్పటి మీద చూపుడువేలితో తాళం వేయసాగింది. పెదవులు కదిలాయి. టేపులావిడకు ముందు అర్థం కాలేదు. అర్థమయ్యాక మంచం దగ్గరికి జరిగింది.

పిన్ని పాడుతోంది. వదిలేసిన చోట అందుకుని, ఆ రోజు పాడినదాన్ని పాడుతోంది. పై స్థాయి వచ్చినచోట చెయ్యి కొంచెం లేస్తోంది. పెద్దావిడ ఊపిరి తీసుకునే చోట పట్టుకోవడం అలవాటైన మనిషి, తన ఊపిరి తనే తీసుకుంటూ, పాట తర్వాత పాట దాటిపోతోంది. గదిలో వినిపించేదంతా మెడలోంచి బుసబుసమనే గాలి. ఏ పాటో, ఏ చరణంలో ఉందో, ఎక్కడ అంత బాగుందని ఆ కనుబొమలు ముడిపడ్డాయో టేపులావిడకు తెలియదు. ఎన్ని టేపులు విన్న చెవులో అవి. పెదవులను చూసి పోల్చుకుందామని కళ్ళు చికిలించింది. ఒక్క మాట కూడా చిక్కలేదు.

ఎండ పూర్తిగా పోయింది. తాళం వేసే వేలు నెమ్మదించి, నెమ్మదించి దుప్పటి మీద ఆగింది. పిన్ని నుదురంతా చెమట. వేలు లేచి స్టూలువైపు చూపించింది.

ఆమె రెండో ముక్క వేసింది. నీలం జాకెట్టు అమ్మాయికీ నుదురంతా చెమట. ముఖం వెలిగిపోతోంది. టేపు అయిపోతోందని కెమెరా వెనకనుంచి ఎవరో సైగ చేసినట్టున్నారు, తలెత్తి చూసి నవ్వింది.

"చాలా?"

అక్కడికి టేపు అయిపోయింది. ఆ రోజు కెమెరామన్ ఏం జవాబిచ్చాడో అందులో లేదు. పిన్ని తెర మీంచి చూపు తిప్పి, కనుబొమలెత్తి, అచ్చం ఆ అమ్మాయిలాగే ఆమెవైపు చూసి ఆగింది. ఒక్క స్వరం కూడా వినని టేపులావిడకు చాలు అనడానికి నోరు రాలేదు.